త్రువా అనగానే

"ఇవాళ ఈ పిల్ల కింద పడి కాలో చెయ్యో విరగ్గొట్టుకుంటుంది. నా మాట రాసిపెట్టుకోండి," అంది సూదమ్మ, పళ్ల మధ్య గుండుసూదులు కదలకుండా.

ఇంకా ఎవరూ నిచ్చెన కూడా ఎక్కలేదు. గుడారం పైకప్పు చిల్లుల్లోంచి పొద్దుటి ఎండ సన్నటి పుల్లల్లా దిగి రంపప్పొట్టు మీద పడుతోంది. వాయిద్యాల వాళ్లు ఇంకా టీ తాగుతున్నారు.

"రోజూ రాసిపెట్టుకుంటూనే ఉన్నానక్కా," అన్నాడు జోకరు. వదులు లాగు జారిపోకుండా రెండు చేతులా పట్టుకుని, ఊడిన గుండీ కోసం ఆమె ముందు నిలబడ్డాడు. "రాసి రాసి చెయ్యి పడిపోతోంది. ఒక్కరోజు పడదని చెప్పి చూడు, కొత్తగా ఉంటుంది."

"నీకు నవ్వులాటగా ఉంది. కన్నదానికి తెలుస్తుంది ఆ బాధ."

"ఏం తెలుస్తుంది? నువ్వు కళ్లు మూసుక్కూచుంటావుగా."

సర్కస్‌లో అందరి బట్టలూ కుట్టేది సూదమ్మే. ఆవిడ కుట్టుమిషను ఉండేది గుడారం లోపల, ఆటగాళ్లు వచ్చిపోయే తెర పక్కనే. అక్కణ్ణుంచి తల ఎత్తితే చాలు, ఊయలలు కనిపిస్తాయి. కానీ కూతురు నిచ్చెన మొదటి మెట్టు మీద కాలు పెట్టిందంటే సూదమ్మ రెండు కళ్లూ గట్టిగా మూసుకుంటుంది. చెవులు మూసుకోవడం మాత్రం చేతకాలేదు. అందుకని కూతురు గాల్లో చేసే విద్యలన్నీ ఆవిడకు చప్పుళ్లుగానే తెలుసు. పైన పిల్ల నిలబడే పలక కిర్రుమనడం, తాడు గాలిని కోయడం, ఆ తర్వాత అరచేతులు మణికట్ల మీద ఫట్టున పడటం. ఆ ఫట్టు వినిపించాకే ఆవిడ ఊపిరి వదిలేది.

ఈ మధ్య ఆ ఫట్టు వినిపించడం లేదు. దాని బదులు కింద వల దబ్బుమని వినిపిస్తోంది.

కూతుర్ని అందరూ పిచ్చుక అంటారు. ఆమెను గాల్లో అందుకునే క్యాచర్ మొన్నటిదాకా ఆమె మేనమామే, అంటే సూదమ్మ తమ్ముడు. అతనికి జనం పెట్టిన పేరు ఉడుంపట్టు. వర్షాల్లో అతని కుడి భుజం జారింది. ఆ చేత్తో నీళ్ల బిందె మోస్తే అదే గొప్ప అని డాక్టరు తేల్చేశాడు. అతని చోట మేనేజరు దూరదేశం నుంచి ఒక మనిషిని తెప్పించాడు. గుండ్రటి బట్టతల, తాడులాంటి చేతులు, పిల్లిలాంటి నడక. అతనికి ఫ్రెంచి తప్ప మరో ముక్క రాదు. వచ్చిన రోజే పైకెక్కి, మోకాళ్లతో ఊయలకు వేలాడి, "అఁ, దు, త్రువా" అని లెక్కపెట్టాడు. ఒకటి, రెండు, మూడు. ఆ సాయంత్రానికల్లా అందరి నోట్లో అతని పేరు త్రువా అయి కూర్చుంది. అతనికీ ఆ పేరు నచ్చినట్టే ఉంది, పిలిస్తే పలికేవాడు.

అక్కడ పని జరిగే తీరు ఒకటుంది. ఊయల విద్యలన్నిటికీ నంబర్లుంటాయి, ఒకటి నుంచి ఏడు దాకా. ఆ చివర తలకిందులుగా ఊగే క్యాచర్ ముందుగా నంబరు అడుగుతాడు. ఈ చివర పలక మీద నిలబడ్డ పిల్ల అదే నంబరు తిరిగి చెప్పాలి. చెప్పకపోతే ఆ విద్య లేదు, ఎవరూ ఏమీ అనరు. చెప్పిందంటే మాత్రం అతను ఒకటి, రెండు, మూడు అంటాడు, మూడో మాట మీద పిల్ల పలక వదిలేయాలి. ఆ తర్వాత అనుకోవడానికేమీ ఉండదు, రెండు ఊయలలూ గాల్లో ఒకచోట కలవాలి, అంతే.

ఆ పొద్దున కూడా త్రువా గొంతు పైనుంచి వచ్చింది. "దు?"

"దు," అంది పిచ్చుక.

"అఁ, దు, త్రువా."

సూదమ్మ మూసిన కళ్ల వెనక పలక కిర్రుమంది. తాడు గాలిని కోసింది. వల దబ్బుమంది.

"దేవుడా," అంది సూదమ్మ. జోకరు గుండీని లాగుకు కాక అతని చొక్కాకు కలిపి కుట్టేసింది.

మళ్లీ ఎక్కింది, మళ్లీ పడింది. చివరికి మేనేజరు టీ గ్లాసు పట్టుకుని వల దగ్గరికి వచ్చాడు. మంచివాడే, అరిచే మనిషి కాదు. అందుకే అతని మాటలు ఎక్కువ గుచ్చుకుంటాయి.

"ఏం తల్లీ, చేతిలో పట్టు పోయిందా? ఏడు నంబరు ఈ ఊళ్లో వద్దులే. ఆదివారం తొలి ఆట. అప్పటికి చిన్నవైనా కుదరకపోతే నువ్వు పైన పలక మీద నిలబడి చెయ్యి ఊపు చాలు. ఎగరడం వేరేవాళ్లు చూసుకుంటారు."

"లెక్క తేడాగా ఉందండీ," అంది పిచ్చుక, వల అంచున కూర్చుని మోచేతి మీద దోక్కుపోయిన చోట ఊదుకుంటూ.

"ఏ భాషలో అయినా ఒకటీ రెండూ మూడేగా. అందులో తేడా ఏముంది?"



*

పలక మీద నిలబడి చెయ్యి ఊపడం. సూదమ్మ మిషను మీదికి వంగి ఆ మాటను నోట్లో బెల్లం ముక్కలా చప్పరించింది. ఆవిడ ఇన్నాళ్లుగా మొక్కని దేవుడు లేడు, అడిగింది ఇదే. పిల్ల మెరుపుల గౌను వేసుకుని ఎత్తున నిలబడుతుంది, చెయ్యి ఊపుతుంది, నిచ్చెన దిగి అన్నానికి వస్తుంది. ఇంతకంటే ఏ తల్లికి ఏం కావాలి. ఆవిడకు పాట కూడా వచ్చింది. టీ రెండోసారి అడిగి తాగింది.

ఆ సంతోషం మధ్యాహ్నం దాకా ఉంది. భోజనాలయ్యాక పిచ్చుక మిషను దగ్గరికి వచ్చి, చేతికి కట్టుకునే పట్టీలు విప్పి, వాటిని బల్ల మీద పెట్టి నున్నగా చేత్తో రాసింది. మామూలుగా అయితే ఆ పట్టీలు ఒకటి మంచం కింద, ఒకటి బకెట్లో దొరుకుతాయి. ఇవాళ వాటిని చుట్టలు చుట్టి, చివరలు లోపలికి దోపి, తల్లి పెట్టెలో అడుగున, వాడని బట్టల కింద దాచింది.

"అక్కడెందుకే పెడుతున్నావు?"

"చెయ్యి ఊపడానికి పట్టీలెందుకమ్మా," అని నవ్వింది పిచ్చుక. నవ్వి, జడ ముందుకు వేసుకుని, దాని చివర వెంట్రుకలు ఒక్కొక్కటే విడదీస్తూ నిలబడింది.

పిల్ల ఏడిస్తే ఓదార్చవచ్చు, అలిగితే తిట్టవచ్చు. సామాన్లు సర్దుకుంటున్న పిల్లను ఏం చేయాలో సూదమ్మకు తెలియలేదు.

"నీ పట్టు ఎక్కడికీ పోలేదు," అంది ఉన్నట్టుండి. "నువ్వు ఆలస్యంగా వదులుతున్నావు."

"నువ్వు చూడవు కదా."

"చూడను గనకే చెప్తున్నాను. మీ మామ ఒకటీ, రెండూ, మూడూ అనేసరికి నేను మిషను మీద ఇంత పొడుగు కుట్టు వేసేదాన్ని. ఇతను అఁ దు త్రువా అంటే సగం కుట్టు కూడా పడటం లేదు. ఆ ముక్కుతో మూలిగే ముక్క అయిపోతోంది, నువ్వింకా ఒకటిలోనే ఉంటున్నావు."

పిచ్చుక జడ వదిలేసింది. "నాకు నోటికి వచ్చమ్మా. అఁ, దు, త్రువా, కాత్ర్, సాంక్, సీస్, సెత్. మొదటిరోజే వచ్చేసింది."

"నోటికి వచ్చింది. కాళ్లకు రాలేదు."

*

తమ్ముడు గుడారం వెనక చాప మీద కూర్చుని వలకు తెగినచోట ముళ్లు వేస్తున్నాడు. ఎడమచేత్తో తాడు తిప్పి, చివర పళ్లతో పట్టుకుని లాగుతున్నాడు. సూదమ్మ పక్కన కూలబడి, అడక్కుండానే తాడు రెండో కొస పట్టుకుంది.

"పిల్లకు ఆ లెక్క నువ్వయినా చెప్పరా. నీకు తెలిసినట్టు ఎవరికి తెలుస్తుంది?"

"నాకు రాదు."

"మూడు ముక్కలురా. జోకరు కూడా నేర్చుకున్నాడు."

"అయితే జోకర్నే పట్టుకోమను." ముడి బిగించి, దాన్ని గోటితో నొక్కి చూసి, తర్వాతి కంతకు జరిగాడు. "వచ్చినవాడు మన లెక్క నేర్చుకోవాలా, మనం వాడి లెక్క నేర్చుకోవాలా? నా చేతుల్లో పెరిగిన పిల్ల. ఎవడో ముక్కుతో మూలిగితే ఎగరాలా?"

"అతను ప్రయత్నించాడు కదరా, నువ్వూ విన్నావు."

ప్రయత్నించాడు, అందరూ చూశారు. త్రువా రెండో రోజున ఎంతో మర్యాదగా, తలకిందులుగా వేలాడుతూ, "ఓ… కా… తీ" అన్నాడు. "రేం… దూ" అనేసరికి అతని ఊయల వెళ్లి తిరిగి వచ్చేసింది. మూడు దాకా ఆగితే ఆ రోజు ఆట అక్కడే అయిపోయేది. కింద వాయిద్యాల వాళ్లు కడుపులు పట్టుకుని నవ్వారు, పైన అతనూ నవ్వాడు, నవ్వితే మోకాళ్ల పట్టు వదులవుతుందని పిచ్చుక కంగారుపడింది.

ఆ సంగతి గుర్తొచ్చి తమ్ముడి మీసం ఒక పక్క కదిలింది. కానీ నవ్వు బయటికి రానివ్వలేదు. తాడు కొస అక్క చేతిలోంచి లాక్కుని మళ్లీ పళ్ల మధ్య పెట్టుకున్నాడు. పళ్ల మధ్య తాడున్నవాడు మాట్లాడక్కర్లేదు.

*

మర్నాడు త్రువాకు కొత్త చొక్కా కొలతలు తీయాలి. అతను మిషను దగ్గరికి వచ్చి, వంగి దణ్ణం పెట్టి, చేతులు బార్లా చాపి నిలబడ్డాడు. సూదమ్మ స్టూలు ఎక్కి టేపు అతని భుజం మీద వేసింది. వేస్తూ ఆలోచన వచ్చింది. టేపు నిండా అంకెలే. మనిషి ఎదురుగా ఉన్నాడు. ఇంతకంటే పాఠం ఇంకెక్కడ దొరుకుతుంది.

ఆవిడ టేపు మొదట్లో ఒకటి మీద వేలు పెట్టి, కనుబొమ్మలు ఎగరేసింది.

"అఁ," అన్నాడు త్రువా.

"అఁ," అంది సూదమ్మ.

అతను తల అడ్డంగా ఊపి, ముక్కు పట్టుకుని చూపించాడు. సూదమ్మ కూడా ముక్కు పట్టుకుని మళ్లీ అంది. ఈసారి కుదిరింది. రెండు, మూడు, నాలుగు. వేలు ముందుకు జరిగేకొద్దీ అతను చెప్పడం, ఆవిడ అనడం. ఎనిమిది దగ్గర అతను పెదవులు సున్నా చుట్టి "ఉయిత్" అంటే ఆవిడకు ఈల వేసినట్టు వినిపించి సిగ్గేసింది. అయినా వేసింది. తెర వెనక నుంచి జోకరు, "అక్కా, ఎవర్ని పిలుస్తున్నావు?" అన్నాడు.

"నిన్నే. వచ్చి ఈ టేపు కొస పట్టుకో."

పది దాకా బాగానే నడిచింది. పదహారు సేజ్ అన్నాడు, ఇరవై వేఁ అన్నాడు. అలా వెళ్తూ వెళ్తూ ఆవిడ అతని ఛాతీ చుట్టూ టేపు తిప్పి, కలిసిన చోట వేలు పెట్టింది. తొంభై ఆరు.

"కాత్ర్ వేఁ సేజ్," అన్నాడు త్రువా.

సూదమ్మ టేపు వైపు చూసింది, అతని వైపు చూసింది. నాలుగు, ఇరవై, పదహారు. "ఒక ఛాతీకి మూడు కొలతలేమిటయ్యా. ఎక్కడ నాలుగు, ఎక్కడ ఇరవై?"

అతనికి మాట అర్థం కాకపోయినా మొహం అర్థమైంది. బల్ల మీదున్న గుండీల డబ్బా బోర్లించి, ఇరవై గుండీల కుప్ప ఒకటి పోశాడు. పక్కన ఇంకొకటి. అలా నాలుగు. చివర్న ఒక పదహారు. ఆ తర్వాత రెండు చేతులా అన్నిటినీ దగ్గరికి తోసి, ఇదేనమ్మా నా ఛాతీ అన్నట్టు చూపించాడు.

జోకరు తల గోక్కున్నాడు. "వీళ్లు తొంభై ఆరేళ్లు బతకడం కంటే ఆ మాట చెప్పడం కష్టంలా ఉందక్కా."

సూదమ్మ నవ్వు ఆపుకోలేకపోయింది. స్టూలు కదిలింది. త్రువా చెయ్యి చటుక్కున వచ్చి ఆవిడ మణికట్టును పట్టుకుంది. గట్టిగా కాదు, జారిపోనివ్వనంత. ఆ పట్టు ఒక్క క్షణమే. ఆవిడకు మాత్రం నవ్వు ఆగిపోయి, ఆ చేతివైపే చూస్తూ ఉండిపోవాలనిపించింది. ఆ వేళ్ల మధ్య పట్టు జారకుండా రాసుకునే సుద్ద మరకలు, అరచేతిలో తమ్ముడికి ఉన్నచోటే కాయలు.

*

"సూది తీసేశాను, భయపడకు," అంది సూదమ్మ. "కూర్చో. కాళ్లు కింద పలక మీద పెట్టు."

"నాకు కుట్టు నేర్పుతున్నావా? అప్పుడే?" అంది పిచ్చుక.

"నోరు మూసుకుని కాళ్లు పెట్టవే."

తొక్కుడు మిషను పలక మీద పిల్ల పాదాలు, వాటి మీద తల్లి పాదాలు. సూదమ్మ కూతురి వెనక స్టూలు మీద కూర్చుని, చిన్నప్పుడు పడుకోబెట్టినట్టు రెండు భుజాలూ పట్టుకుంది. "అఁ అంటే మడమ. దు అంటే వేళ్లు. త్రువా అనగానే కాళ్లు పైకి. అనగానే. అన్నాక కాదు."

"అఁ, దు, త్రువా."

నాలుగు కాళ్లు లేచాయి. రెండు ముందు, రెండు వెనక. వెనకబడ్డవి పిచ్చుకవే.

మళ్లీ చేశారు, మళ్లీ వెనకబడ్డాయి. మిషను చక్రం ఖాళీగా గిరగిరా తిరుగుతోంది. జోకరు వచ్చి పక్కన నిలబడి, ప్రతి త్రువాకూ గెంతడం మొదలుపెట్టాడు. ఒకసారి గెంతితే లాగు జారింది, ముగ్గురూ నవ్వి నవ్వి మిషను మీద పడ్డారు. ఆ నవ్వులో చేసినప్పుడు మాత్రం పిచ్చుక కాళ్లు సరిగ్గా లేచాయి. సూదమ్మ అది పట్టేసింది.

జోకరు వెళ్లాక ఆవిడ కూతురి చెవి దగ్గర వంగింది. "నవ్వేటప్పుడు వస్తోంది. మామూలప్పుడు రావడం లేదు. నీ కాళ్లు ఎవరికోసమే ఆగుతున్నాయి?"

పిచ్చుక వేలితో చక్రాన్ని ఆపింది, వదిలింది, మళ్లీ ఆపింది.

"మామయ్య వెనక వరసలో కూర్చుంటాడు కదమ్మా. రోజూ వస్తాడు. త్రువా లెక్కపెడుతుంటే ఆయన పెదాలు కదుల్తాయి. ఒకటి, రెండు, మూడు అని. నాకు పైకి కనిపిస్తుంది. ఆయన ఇంకా రెండులో ఉండగా నేను వెళ్లిపోతే…" ఆగింది. "ఆయన్ని అక్కడే వదిలేసి వెళ్లిపోయినట్టుంటుంది."

సూదమ్మ కూతురి భుజాల మీద చేతులు అలాగే ఉంచి, జడ నుంచి వచ్చే సుద్దపొడి వాసన పీల్చుతూ కూర్చుంది.

*

ఆ మాట తమ్ముడికి ఎలా చెప్పాలో ఆవిడ రకరకాలుగా కూడబలుక్కుంది. తీరా చెప్పేటప్పుడు ఒక్కటే వచ్చింది. "నువ్వు రేపట్నుంచి లోపల కూర్చోకురా."

తమ్ముడు వల మడత పెడుతున్నవాడు ఆగిపోయాడు. "నేనేమన్నాను? ఒక్కనాడైనా నోరు మెదిపానా?"

"మెదుపుతున్నావు. నీకు తెలియడం లేదు. దానికి కనిపిస్తోంది. నువ్వు మూడు అనేదాకా అది ఆగుతోంది."

తమ్ముడి ఎడమచెయ్యి నెమ్మదిగా పెదాల మీదికి వెళ్లింది. అక్కడేదో అంటుకుందేమో అని చూసుకున్నట్టు వేళ్లతో తడుముకున్నాడు. ఆ తర్వాత వల అక్కడే వదిలేసి, లారీల మధ్యనుంచి రోడ్డు వైపు వెళ్లిపోయాడు. అన్నానికి రాలేదు.

సూదమ్మ సంగతి ఇక చెప్పాలా. బస్సెక్కి వెళ్లిపోయాడంది. ఊరవతల రైలు పట్టాలున్నాయంది. ఆ భుజంతో ఎవరు పని ఇస్తారంది. తన నోరు పడిపోను అంది. జోకరు, "నీ తమ్ముడు సెలూన్లో క్షవరం చేయించుకుంటున్నాడు, నేనిప్పుడే చూసొచ్చాను," అన్నాక కూడా, క్షవరం మనిషి చేతిలో కత్తి ఉంటుంది కదా అంది.

ఆ మర్నాటి పొద్దున వెనక వరస ఖాళీగా ఉంది. పిచ్చుక పలక మీద నిలబడి ఆ వరసను చాలాసేపు చూసిందని జోకరు తర్వాత చెప్పాడు. సూదమ్మకు మాత్రం వినిపించినవి ఇవే.

"అఁ?"

"అఁ."

"అఁ, దు, త్రువా."

పలక కిర్రుమంది. అనగానే కిర్రుమంది. తాడు గాలిని కోసింది. ఆవిడ వల చప్పుడు కోసం ఒళ్లంతా బిగబట్టింది.

ఫట్.

చొక్కా మెడపట్టీ కుడుతున్న సూదమ్మ, ఆ చప్పుడుకు వేలిలో సూది గుచ్చుకుని, "అబ్బ," అని, నవ్వింది. నెత్తురు చుక్కను నోట్లో పెట్టుకుని మళ్లీ నవ్వింది. దు, ఫట్. త్రువా, ఫట్. నాలుగు దగ్గర వాయిద్యాల్లో డప్పువాడు ఉండబట్టలేక తనూ ఒక దెబ్బ వేశాడు. ఐదు నంబరు అయ్యాక పైనుంచి త్రువా ఏదో పొడుగ్గా అరిచాడు. తిట్టో పొగడ్తో ఎవరికీ తెలియదు, గొంతు మాత్రం పండగలా ఉంది.

మేనేజరు టీ గ్లాసుతో వచ్చాడు. "బాగుంది తల్లీ. ఐదు దాకా చెయ్యి. ఆరు తర్వాత చూద్దాం, ఏడు మాత్రం వద్దు. ఏడు మీ మామ చేతుల లెక్క, అది ఇంకొకరికి రాదు."

పిచ్చుక చెమట తుడుచుకుంటూ, "సరేనండి," అంది. ఎవరూ లేని వెనక వరస వైపు ఇంకోసారి చూసింది.

ఏడు నంబరంటే గాల్లో రెండు పిల్లిమొగ్గలు. అది పూర్తయ్యేసరికి పిల్ల వీపు క్యాచర్ వైపు ఉంటుంది, అతని చేతులు పిల్లకు కనిపించవు. చేతులు అక్కడుంటాయని నమ్మి చాపాలి. ఉడుంపట్టూ పిచ్చుకా ఒకరికొకరు ఒక్క మాట చెప్పుకోకుండా కుదుర్చుకున్న విద్య అది.

సాయంత్రం తమ్ముణ్ణి వెతుక్కుంటూ వెళ్లిన సూదమ్మకు అతను లారీ వెనక కనిపించాడు. ఎదురుగా త్రువా. ఇద్దరి మధ్య బోర్లించిన బకెట్టు, దాని మీద రెండు టీ గ్లాసులు. తమ్ముడు ఎడమచేత్తో త్రువా మణికట్టు పట్టుకుని గుంజుతున్నాడు. త్రువా విడిపించుకుని తమ్ముడి మోచేయి పట్టుకున్నాడు. తమ్ముడు కోపంగా తల అడ్డంగా ఊపి మళ్లీ గుంజాడు.

కొట్టుకుంటున్నారనుకుని సూదమ్మ రెండడుగులు ముందుకు వేసింది. అరవడానికి నోరు తెరిచింది. అప్పుడు తమ్ముడు త్రువా చేతిని వదిలి, తన రెండు చేతులూ ఎత్తాడు. జారిన భుజం వైపు చెయ్యి సగమే లేచింది. ఆ చేతివి రెండు వేళ్లు, ఈ చేతివి అయిదు. త్రువా ఆ వేళ్ల వైపు చూసి, తలూపి, మెల్లగా ఏదో అన్నాడు. తమ్ముడు పెదాలు కదిపాడు. ఏమన్నాడో అంత దూరానికి వినిపించలేదు.

ఆవిడ తెరిచిన నోరు మూసుకుని వెనక్కి వచ్చేసింది.

*

ఆదివారం పొద్దున్నే పిచ్చుక వచ్చి, నల్లదారం అయిపోయిందని, బజారుకు వెళ్లి తెమ్మని తల్లిని తొందరపెట్టింది. ఆదివారం ఏ కొట్టు తెరుస్తారే అంటే, ఆ చివర ఒకటుంటుందని జోకరు దారి చెప్పాడు. సూదమ్మ ఎండలో ఊరంతా తిరిగి దారపు ఉండలతో వచ్చి, పెట్టె తెరిస్తే, అందులో నల్లదారం నిండా ఉంది. పిల్ల చేతులకు అప్పుడే సుద్ద తెల్లగా అంటుకుని ఉంది. సూదమ్మ అడగబోయింది. ఈలోగా ఎవరి గౌనుకో కొక్కెం ఊడింది.

సాయంత్రానికి గుడారం కిక్కిరిసిపోయింది. ఆవిడ తెర పక్కన తన చోట నిలబడి, మొదటి మెట్టు చప్పుడు వినగానే కళ్లు మూసుకుంది. పక్కన ఎవరో వచ్చి నిలబడ్డారు. క్షవరం సబ్బు వాసన, వల తాడు వాసన. తమ్ముడు.

అఁ, ఫట్. దు, ఫట్. జనం చప్పట్లు. త్రువా, కాత్ర్, సాంక్. ప్రతి అంకెకూ సూదమ్మ పెదాలు తమంతట తామే కదిలాయి. అయిదూ అయిపోయాయి. పిల్ల క్షేమంగా పలక మీదికి చేరింది. ఆవిడ గుండెల నిండా ఊపిరి పీల్చుకుంది. ఇక దిగి వస్తుంది, అన్నం పెట్టాలి, మోచేతికి మందు రాయాలి.

పైనుంచి త్రువా గొంతు ఇంకోసారి వినిపించింది.

"సెత్?"

డప్పు ఆగింది. టీ గ్లాసు పట్టుకుని నిలబడే మేనేజరు కాళ్ల కింద రంపప్పొట్టు కరకరమని ఆగిపోయింది. జనానికి ఏమీ తెలియకపోయినా వాళ్లూ ఆగిపోయారు.

సూదమ్మకు ఆ అంకె తెలుసు. టేపు మీద ఏడు దగ్గర వేలు పెట్టి నేర్చుకున్న అంకె. నల్లదారం కోసం తనను బజారుకు పంపిందెందుకో, పిల్ల చేతుల సుద్ద ఏమిటో, లారీ వెనక ఏడు వేళ్లేమిటో ఒక్కసారిగా తెలిసిపోయింది.

"నువ్వేనా చెప్పింది?" అంది కళ్లు మూసుకునే.

తమ్ముడు ఎడమచెయ్యి ఆవిడ భుజం మీద వేశాడు.

పైన పిల్ల ఇంకా పలకలేదు. చెప్పకపోతే ఆ విద్య లేదు, ఎవరూ ఏమీ అనరు. చెయ్యి ఊపి నిచ్చెన దిగి రావచ్చు. చెప్పకు తల్లీ, దిగి వచ్చేయి, అనుకుంది సూదమ్మ. ఇన్నేళ్లుగా అనుకుంటున్నదే. ఆ మాట ఎప్పట్లాగే వచ్చింది గాని, ఈసారి ఎందుకో సగంలోనే ఆగిపోయింది. పెట్టె అడుగున వాడని బట్టల కింద చుట్టలు చుట్టిన పట్టీలు ఆవిడ మూసిన కళ్లలో కనిపించాయి. జడ చివర వెంట్రుకలు విడదీసుకుంటూ నిలబడ్డ పిల్ల కనిపించింది.

ఊయల తాడు ఒకసారి వెళ్లి వచ్చింది. త్రువా మళ్లీ అడగలేదు, ఎదురుచూస్తున్నాడు. తాడు రెండోసారి వెళ్లి వచ్చింది. ఎక్కడో ఒక పసిపిల్ల దగ్గింది. పక్కన తమ్ముడి ఊపిరి కూడా వినిపించడం లేదు.

"చెప్పవే," అంది సూదమ్మ, తనకే వినపడనంత మెల్లగా. "చెప్పు తల్లీ."

చాలాసేపటికి, పైన అంత ఎత్తునుంచి, తొందరేమీ లేని కూతురి గొంతు వినిపించింది.

"సెత్."